మీ ప్రశ్నలు – మా జవాబులు: ఆ జపాన్ పెద్దాయన ఎవరండీ?

పోయిన సంచికలో 'ఇకిరు' అనే పాత జపాన్ సినిమా గురించి నాలుగు ముక్కలు రాశాం. కడుపులో క్యాన్సర్ ఉందని తెలిసిన ఒక మున్సిపల్ ఆఫీసు సెక్షన్ అధికారి, చచ్చేలోపు పిల్లలకో పార్కు కట్టించాలని తాపత్రయపడటమే ఆ కథ. ఉత్తరాలు బాగానే వచ్చాయి గానీ, సినిమా సంగతి వదిలేసి "అందులో వేసినాయన ఎవరు" అనే అడిగారు అందరూ. అందుకని ఈసారి ప్రశ్నలన్నీ తకాషి షిమురా మీదే. మిగతా ఉత్తరాలు రాసినవాళ్ళు కాస్త ఓపిక పట్టండి.

ప్రశ్న: ఆయనది ఏ ఊరు? సినిమాల్లోకి రాకముందు ఏం చేసేవాడు? (తెనాలి నుంచి ఒక పాఠకుడు)

అసలు పేరు షోజి షిమజాకి. 1905 మార్చి 12న హ్యోగో రాష్ట్రంలోని ఇకునో అనే వెండి గనుల ఊళ్ళో పుట్టాడు, తండ్రి ఆ గని కంపెనీలోనే ఉద్యోగి. తాతగారు మాత్రం అసలు సిసలు సమురాయ్, అంటే జపాన్ పాతకాలపు కత్తి యోధుడు, 1868లో తోబా-ఫుషిమి యుద్ధంలో పాల్గొన్న మనిషి. అంటే తర్వాత తెర మీద కత్తి పట్టుకున్నప్పుడు షిమురా చేసిందంతా ఊహించి చేసింది కాదన్నమాట, ఇంట్లోనే ఆ వంశం ఉంది.

కుర్రవాడు ఒసాకా వెళ్ళి కన్సాయ్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లిష్ సాహిత్యం చదవబోయాడు. ఇంటి నుంచి డబ్బు రావడం ఆగిపోయేసరికి, బతకడానికి నగరపాలక సంస్థ వాళ్ళ మంచినీళ్ళ శాఖలో చిన్న ఉద్యోగం చేస్తూ చదువుకున్నాడు. ఆ కాలేజీలో పాఠాలు చెప్పేవాళ్ళలో నాటకాల మనుషులు ఉండటంతో ఆ పిచ్చి ఈయనకీ పట్టుకుంది. రిహార్సల్స్ కోసం డ్యూటీ ఎగ్గొట్టడం, చివరికి ఉద్యోగం పోవడం, సొంత నాటక సమాజం పెట్టుకోవడం, అది గిట్టుబాటు కాకపోవడం... మన నాటకాల వాళ్ళకి ఈ వరస కొత్తగా చెప్పక్కర్లేదు.

సినిమాల్లోకి అడుగుపెట్టేసరికి ముప్పైకి దగ్గర పడ్డాడు. 1937 నుంచి 1942 దాకా క్యోటోలో నిక్కాత్సు స్టూడియోలో వందకు దగ్గరగా సినిమాల్లో వేశాడు. చాలావరకు కత్తియుద్ధాల సినిమాలు, చిన్నా పెద్దా వేషాలు. వాటి మధ్యలో 1939లో 'ఒషిదొరి ఉతాగస్సెన్' అని ఒక సరదా సంగీత చిత్రం ఉంది, గొడుగులు చేసి అమ్ముకుంటూ, పాత సామాన్ల మీద మోజుతో ఉన్న డబ్బంతా తగలేసే తండ్రి వేషం. అందులో షిమురా స్వయంగా పాడతాడు, బాగా పాడతాడు కూడా! 'ఇకిరు'లో ఆ బొంగురు గొంతు విని ఈయనకి పాట రాదనుకున్నవాళ్ళు ఇది చూడాలి.

ప్రశ్న: మన గుమ్మడి గారిలాగా ఈయన కూడా చిన్న వయసులోనే ముసలి వేషాలు వేశాడా? 'ఇకిరు' నాటికి ఎన్నేళ్ళు? (డిగ్రీ విద్యార్థిని, హనుమకొండ)

పోలిక బాగా పట్టావమ్మా. గుమ్మడి తనకంటే వయసులో పెద్దవాళ్ళయిన ఎన్టీఆర్, ఏఎన్నార్‌లకి తండ్రిగా వేసి మెప్పించాడు కదా, షిమురాదీ అదే దారి. 1943లో, 'ఇకిరు' తీసిన దర్శకుడు అకిరా కురొసావా మొదటి సినిమా 'సన్షిరో సుగాత'లో పెళ్ళీడు కూతురున్న పాతకాలపు జుజుత్సు (జపాన్ కుస్తీ విద్య) గురువుగా వేసినప్పుడు ఆయనకి నిండా నలభై లేవు. 'ఇకిరు' 1952 అక్టోబర్‌లో విడుదలైంది, అప్పటికి 47. నలభై ఏడేళ్ళ మనిషి నడుము అలా వంగిపోతుందా అనిపిస్తుంది చూస్తుంటే.

'ఇకిరు' అనగానే అందరూ మంచులో ఉయ్యాల సీను చెప్తారు. నాకు అంతకంటే ఎక్కువగా పట్టుకునేది మొదట్లో వచ్చే ఆసుపత్రి సీను. వతనాబే, అంటే మన షిమురా, ఎక్స్‌రే కోసం వెళ్ళి బెంచీ మీద కూర్చుంటాడు. పక్కన ఒక వాగుడుకాయ పేషెంటు చేరి, ఎవరూ అడక్కుండానే మొదలుపెడతాడు: కడుపులో క్యాన్సర్ ఉంటే డాక్టర్లు చచ్చినా చెప్పరు, చిన్న పుండు అంటారు, ఆపరేషన్ అక్కర్లేదు, మీకేది ఇష్టమైతే అది తినండి అంటారు, అలా అన్నారంటే మాత్రం మనిషికి ఇంక ఏడాదే! అక్కడితో ఆపితేనా, ఆ జబ్బు లక్షణాలన్నీ ఒక్కొక్కటే పూసగుచ్చినట్టు చెప్తాడు. ఈ సీనంతా షిమురాకి దాదాపు మాటలే లేవు. చేసేదల్లా వినడం, వింటూ కొంచెం పక్కకు జరగడం, వాడు మళ్ళీ దగ్గరికొస్తే ఇంకొంచెం జరగడం. ఒక్కో లక్షణం చెప్తుంటే "ఇది నాకూ ఉంది" అని ఆ మొహం మీద ఎలా తెలుస్తుందో చూడండి. తర్వాత లోపల డాక్టరు అచ్చం అవే మాటలు అంటాడు, చిన్న పుండేనండీ అని. చేతిలో ఉన్న కోటు జారి కింద పడుతుంది.

ఈ మనిషి ప్రత్యేకత ఏమిటని నన్నడిగితే వినడమే అంటాను. ఎదుటివాడు మాట్లాడుతుంటే తన వంతు డైలాగు కోసం కాచుకుని కూర్చునే నటులు చాలామంది. షిమురా వింటున్నాడంటే నిజంగా చెవిన పడుతున్నట్టే ఉంటుంది.

అలాగని 'ఇకిరు'లో అంతా అద్భుతం అని చెప్పను. వతనాబే తన ఆఫీసులో పనిచేసిన ఒక అమ్మాయితో హోటల్లో కూర్చున్న సీన్లలో కళ్ళు మరీ పెద్దవి చేసి, మరీ గుసగుసగా మాట్లాడతాడు, అక్కడ డోసు కొంచెం ఎక్కువైందనే నా అభిప్రాయం. తెలిసినవాళ్ళు కొందరు నాతో దీని మీద గట్టిగా గొడవపడ్డారు, పడనివ్వండి.

ప్రశ్న: ఆయన్ని పోలీసులు అరెస్టు చేశారని ఎక్కడో చదివాను. నిజమేనా? (కర్నూలు)

నిజమే. యుద్ధానికి ముందు జపాన్‌లో తొక్కో అని ఒక ప్రత్యేక పోలీసు శాఖ ఉండేది, జనం ఏం ఆలోచిస్తున్నారో కనిపెట్టి పట్టుకోవడమే దాని పని. వామపక్ష భావాలున్న నాటక బృందాలతో పాత పరిచయాలున్నాయని షిమురాని పట్టుకెళ్ళి సుమారు మూడు వారాలు లోపల ఉంచారు. భార్య మసాకో, తోటి నటుడు ర్యునొసుకే త్సుకిగాత పూచీ ఇస్తే బయటికొచ్చాడు.

దీనికి ఒక కొసరు ఉంది. యుద్ధం ముగిసిన మరుసటి ఏడాదే, 1946లో, కురొసావా 'నో రిగ్రెట్స్ ఫర్ అవర్ యూత్' తీశాడు. అందులో హీరోయిన్‌ని కూర్చోబెట్టి ప్రశ్నలతో పీడించే తొక్కో అధికారి వేషం ఎవరిదనుకున్నారు? షిమురాదే. ఆ పాత్ర పేరు 'విషపు స్ట్రాబెర్రీ'. ఆ బల్లకి రెండో వైపు ఎలా ఉంటుందో స్వయంగా చూసొచ్చిన మనిషికి ఎవరి దగ్గరా నేర్చుకోవాల్సిన అవసరం లేకపోయింది.

ప్రశ్న: కురొసావా అంటే మిఫునే అంటారు అందరూ. ఈయన పక్క వేషగాడే కదా? ఇంత చర్చ ఎందుకు? (రాజమండ్రి)

కొంచెం ఘాటుగానే అడిగారు, జవాబూ అలాగే ఇస్తాను. కురొసావా మొత్తం ముప్పై సినిమాలు తీస్తే ఆయన హీరో తొషిరో మిఫునే ఉన్నవి 16, షిమురా ఉన్నవి 21. మొదటి సినిమా నుంచి 1980లో 'కగెముషా' దాకా.

అంకెలు పక్కన పెట్టినా, మిఫునే మిఫునే అవడంలో ఈయన వాటా తక్కువేం కాదు. 1948లో వచ్చిన 'డ్రంకెన్ ఏంజెల్' చూడండి. మురికి గుంట పక్కన చిన్న క్లినిక్ పెట్టుకున్న తాగుబోతు డాక్టరు షిమురా, సారా దొరక్కపోతే క్లినిక్‌లో స్పిరిట్టే కలుపుకుని తాగేస్తాడు. చేతిలో తూటా తీయించుకోవడానికి వచ్చిన రౌడీ మిఫునే. మత్తు ఇవ్వకుండానే తూటా లాగేసి, నీకు క్షయ ఉన్నట్టుంది అని మొహం మీదే చెప్తాడు డాక్టరు, వాడు చొక్కా పట్టుకుంటాడు. సినిమా పేరులో ఉన్న తాగుబోతు దేవదూత డాక్టరే, కథ రాసింది ఆయన కోసమే. కానీ మిఫునే తెర మీదకొచ్చాక ఆ వేగాన్ని ఎవరూ పట్టలేకపోయారు. షిమురా ఎంత గొప్పగా చేసినా సినిమా మిఫునే వైపు ఒరిగిపోయిందనీ, ఆ కుర్రవాణ్ణి అదుపు చెయ్యడం తన వల్ల కాలేదనీ కురొసావా తన ఆత్మకథలో చెప్పుకున్నాడు.

ఇలాంటప్పుడు మామూలుగా సీనియర్ నటులు ఏం చేస్తారో మనకు తెలుసు. గొంతు పెంచుతారు, సీను లాక్కుంటారు, లేదా అలుగుతారు. షిమురా ఆ పని చెయ్యలేదు. అరుపులకి అరుపులతోనే జవాబిచ్చాడు గానీ ఆ అరుపులో ఎదుటివాడి మీద కంగారు ఉంటుంది, అందుకే మిఫునే కోపం మనకి అర్థమవుతుంది.

మరుసటి ఏడాది 'స్ట్రే డాగ్'లో ఇది ఇంకా ముచ్చటగా ఉంటుంది. మండుటెండలు, కిక్కిరిసిన బస్సులో కుర్ర డిటెక్టివ్ మిఫునే పిస్తోలు కొట్టేస్తారు. వాడికి తోడుగా పెట్టిన పెద్ద డిటెక్టివ్ సాతో, షిమురా. దొంగ తుపాకుల వ్యాపారంలో ఉన్న ఒక అమ్మాయిని స్టేషన్లో విచారించాలి. సాతో ఏం చేస్తాడో తెలుసా, ఆమెకో పుల్ల ఐసు ఇచ్చి తనొకటి తీసుకుని ఇద్దరూ చప్పరిస్తూ పిచ్చాపాటీ వేసుకుంటారు. ఆవిడ చెప్పే ప్రతి సొల్లుకీ తల ఊపుతూ, నవ్వుతూ, తొందరే లేనట్టు. పక్కన మిఫునే టెన్షన్‌తో నిలబడలేకపోతుంటాడు. ఐసు అయిపోయేలోపు కావలసిన ముక్క బయటికొచ్చేస్తుంది. ఆ సీను పోలీసు ట్రైనింగ్‌లో చూపించినా తప్పులేదు.

ఇంకో మాట. మిఫునేకి షిమురా దంపతులు తల్లిదండ్రుల్లాంటి వాళ్ళు. మసాకో గారిని ఆయన అమ్మలాగే చూసుకున్నాడు. మీరు పోటీ అనుకుంటున్నది ఆ ఇంట్లో ఎప్పుడూ లేదు.

ప్రశ్న: గాడ్జిల్లా సినిమాలో సైంటిస్టు కూడా ఈయనేనంటున్నాడు మా అబ్బాయి. నేను నమ్మలేదు. (హైదరాబాద్)

అబ్బాయికి సారీ చెప్పండి. 1954 ఏప్రిల్‌లో 'సెవెన్ సమురాయ్', అదే ఏడాది నవంబర్‌లో ఇషిరో హోండా తీసిన మొదటి 'గాడ్జిల్లా', రెండూ తోహో కంపెనీవే, రెండిట్లోనూ షిమురానే పెద్ద దిక్కు. డాక్టర్ యమానే అనే ఆ శాస్త్రవేత్తకి అందరితోనూ పేచీ. ఊరంతా దాన్ని చంపండి అంటుంటే, అణుధార్మికత తట్టుకుని బతికిన ప్రాణిని చదవకుండా చంపుతారా అంటాడు. ఒక సీన్లో ఇంటికొచ్చి, లైటు ఆర్పేయమని చెప్పి, చీకట్లో కూర్చుండిపోతాడు. రబ్బరు తొడుగు వేసుకున్న మనిషి బొమ్మ ఇళ్ళు తొక్కుతున్న సినిమాని జనం నవ్వకుండా చూశారంటే కారణం ఇలాంటి సీన్లే. అదే ఏడాది మార్చిలో బికినీ దీవి దగ్గర అమెరికా హైడ్రోజన్ బాంబు పరీక్షలో జపాన్ చేపల పడవ ఒకటి ఆ బూడిదలో చిక్కుకుంది, ఆ భయం ఇంకా పచ్చిగానే ఉంది. చివర్లో ఈ అణు పరీక్షలు ఆపకపోతే ఇంకొకటి రావచ్చు అని ఆయన తనలో తాను అనుకుంటున్నట్టు అంటాడు. తర్వాత కూడా 'మోత్రా', 'ఘిడోరా' లాంటి రాకాసి సినిమాల్లో చిన్న చిన్న వేషాలు వేశాడు. వాటిలో ఆయన్ని వాడుకున్నది తక్కువ.

ప్రశ్న: నేను నాటకాలు వేస్తాను. 'సెవెన్ సమురాయ్'లో నాయకుడి పాత్ర చూసి మతిపోయింది. అలా చెయ్యాలంటే ఏం గమనించాలి? (ఖమ్మం)

తమ్ముడూ, ముందు ఆ నాయకుడు కాంబేయి తెర మీదకొచ్చే సీను మళ్ళీ చూడు. ఒక దొంగ చిన్నపిల్లాణ్ణి పట్టుకుని గుడిసెలో దాక్కున్నాడు, ఊరంతా బయట గుమిగూడి ఉంది. ఏటి ఒడ్డున ఒక సమురాయ్ కూర్చుని ఒక సన్యాసి చేత గుండు గీయించుకుంటున్నాడు. జుట్టు ముడి తీసేయడం సమురాయ్‌కి పరువు పోయినట్టే, అందుకే జనం నోరెళ్ళబెట్టి చూస్తుంటారు. షిమురా మొహంలో మాత్రం త్యాగం చేస్తున్న బిల్డప్ లేదు, ఇంటి ముందు మంగలి దగ్గర కూర్చున్నంత మామూలుగా తల వంచుకుని ఉంటాడు. తర్వాత సన్యాసి బట్టలు వేసుకుని, రెండు అన్నం ముద్దలు పట్టుకుని గుడిసె దగ్గరికి వెళ్తాడు. లోపల ఏం జరిగిందో మనకి చూపించరు కూడా.

ఇప్పుడు ఇంకోటి చూడు. ఆ గుండు సినిమా అంతా ఆయనతోనే ఉంటుంది. ఇబ్బంది పడ్డప్పుడు, ఎవరైనా మరీ పొగిడినప్పుడు, నవ్వొచ్చినప్పుడు అరచేత్తో తల నిమురుకుంటాడు. జుట్టు ఉండాల్సిన చోట లేదే అన్నట్టు ఉంటుంది మొదట్లో, పోను పోను అదే ఆ మనిషి అలవాటైపోతుంది. మూడున్నర గంటల సినిమాలో ఇది ఎన్నిసార్లు వచ్చినా విసుగు పుట్టదు, ఎందుకంటే ప్రతిసారీ కారణం వేరు. స్టేజి మీద మనవాళ్ళు ఒక మేనరిజం పట్టుకుంటే చప్పట్ల కోసం ప్రతి డైలాగుకీ తగిలిస్తారు. తేడా అక్కడే ఉంది.

అన్నం గిన్నె సీను కూడా వదలకు. తమ ఊరిని దొంగల నుంచి కాపాడమని సమురాయ్‌లని వెతుక్కుంటూ వచ్చిన రైతులు తాము చిరుధాన్యాలు తింటూ, వచ్చే సమురాయ్‌ల కోసం వరి అన్నం వండి పెడుతున్నారని తెలుస్తుంది. అప్పటిదాకా ఇది కుదిరే పని కాదని లెక్కలు చెప్తున్న కాంబేయి ఆ గిన్నె చేతిలోకి తీసుకుని, ఈ అన్నం వృథా చెయ్యను అని ఒక్క మాట అంటాడు. ఆ మాట నువ్వైతే ఎంత గట్టిగా అంటావో ఒకసారి ఇంట్లో అని చూసుకో, తర్వాత ఆయన ఎంత మెల్లగా అన్నాడో విను.

ప్రశ్న: 'టోక్యో స్టోరీ'లో తండ్రి కూడా ఈయనే కదండీ? (విజయనగరం)

కాదు, ఆయన చిషు ర్యు. 'టోక్యో స్టోరీ' తీసిన దర్శకుడు ఓజు సినిమాల మనిషి. షిమురా కంటే ఒక ఏడాది పెద్ద. ఇద్దరూ ఒకే చోట కావాలంటే 'తోరాసాన్' వరస సినిమాల్లో మొదటిది, 1969లో వచ్చింది, చూడండి. ర్యు గుడి పూజారి, షిమురా పెళ్ళికొడుకు తండ్రి. కొడుకుతో ఏళ్ళ తరబడి మాటల్లేని ప్రొఫెసర్ ఆయన. పెళ్ళి విందులో లేచి నిలబడి, తండ్రిగా నేను చేసిందేమీ లేదు అని తడబడుతూ చెప్తాడు. అప్పటిదాకా నవ్విన సినిమా ఒక్కసారిగా గొంతుకు అడ్డం పడుతుంది. ఆ వరసలో ఎనిమిదోదానిలో ఆయన హీరో తోరాతో చెప్పే పల్లెటూరి ఇంటి దీపం కబుర్లు ఇంకా బాగుంటాయి.

ప్రశ్న: హీరోగా అంత పేరొచ్చాక మళ్ళీ చిన్న వేషాలకి ఎందుకు దిగాడు? అవార్డులేమైనా వచ్చాయా? (న్యూజెర్సీ నుంచి ఒక తెలుగు పాఠకుడు)

'దిగడం' అని మనం అనుకుంటాం. 'సెవెన్ సమురాయ్' తర్వాత ఆయన వేషాల వరస చూస్తే నాకూ మొదట్లో అలాగే అనిపించేది: 1955లో 'ఐ లివ్ ఇన్ ఫియర్'లో పళ్ళ డాక్టరు, 1958లో 'హిడెన్ ఫోర్ట్రెస్'లో ముసలి సేనాపతి, 1961లో 'యోజింబో'లో సారా వ్యాపారి, 1963లో 'హై అండ్ లో'లో పోలీసు శాఖలో పెద్ద. కొన్నిట్లో ఆయన్ని పోల్చుకోవడానికే కాసేపు పడుతుంది. కానీ అప్పటి జపాన్ స్టూడియో పద్ధతి వేరు, నటులు కంపెనీ మనుషులు. ఈ నెల నాయకుడు, పై నెల పక్కింటాయన. కురొసావా దగ్గర మినోరు చియాకి, కమతారి ఫుజివారా లాంటి మిగతావాళ్ళూ ఇలాగే తిరిగారు. పైగా వయసు, ఆరోగ్యం కూడా చూడాలి కదా. రెండు వందలకు పైగా సినిమాలు చేసిన మనిషి ప్రతిదానిలో మధ్యలోనే నిలబడాలంటే కుదరదు.

అవార్డుల విషయానికొస్తే, బ్రిటిష్ అకాడమీ వాళ్ళు 'సెవెన్ సమురాయ్'కీ, తర్వాత 'ఇకిరు'కీ విదేశీ నటుడి విభాగంలో నామినేట్ చేశారు, ఇవ్వలేదు. జపాన్ ప్రభుత్వం 1974లో ఊదా రిబ్బన్ పతకం ఇచ్చింది, 1980లో ఇంకో పెద్ద బిరుదూ ఇచ్చింది. నాకైతే ఆ జాబితా మీద పెద్ద ఆసక్తి లేదు.

ప్రశ్న: ఏ సినిమాతో మొదలుపెట్టమంటారు? (చాలామంది అడిగారు)

'ఇకిరు'తో వద్దు. ముందు 'స్ట్రే డాగ్' చూడండి, పోలీసు కథ కాబట్టి సాఫీగా సాగిపోతుంది. తర్వాత 'రషోమన్', భుజాన గొడ్డలితో అడవిలో నడిచే కట్టెలు కొట్టేవాడు ఆయనే. అందరి అబద్ధాలూ వింటూ కూర్చున్న ఆ మనిషి దగ్గర కూడా ఒక అబద్ధం ఉందని చివర్లో బయటపడుతుంది. ఆపైన 'సెవెన్ సమురాయ్', ఒక సెలవు రోజు పెట్టుకుని. 'ఇకిరు' దాని తర్వాత. ఓపికుంటే 1950లో వచ్చిన 'స్కాండల్' కూడా, సినిమా అంతంతమాత్రమే గానీ అవతలి పార్టీ దగ్గర లంచం తిన్న లాయరుగా షిమురా కోసం చూడొచ్చు.

ఆఖరుగా 'కగెముషా'. 1965 తర్వాత పదిహేనేళ్ళకి కురొసావా మళ్ళీ ఆయన్ని పిలిచి, ఆయన కోసమే ఒక చిన్న పాత్ర రాసి వేయించాడు. 1982 ఫిబ్రవరి 11న ఊపిరితిత్తుల జబ్బుతో షిమురా పోయాడు, కురొసావాతో అదే ఆఖరు సినిమా. ఒక్క జాగ్రత్త: విదేశాల్లో విడుదల చేసినప్పుడు సినిమా కత్తిరించి ఆ పాత్రనే తీసేశారు. అందుకని నిడివి 180 నిమిషాలు ఉందో లేదో ముందు చూసుకోండి. 162 నిమిషాలది దొరికితే సినిమా చూడొచ్చు గానీ షిమురా కోసమైతే దండగ, అందులో ఆయన లేడు.